కత్తి లేని అట్ట

మద్రాసు నుంచి సినిమా క్యాసెట్లు నల్ల డబ్బాల్లో వచ్చేవి. వీపు మీద పేరు రాసిన చీటీ తప్ప బొమ్మంటూ ఉండేది కాదు. బొమ్మ లేని క్యాసెట్‌ను ఎవరూ అద్దెకు తీసుకోరు. అందుకని అట్టలు నేను చేసేదాన్ని. సినిమా పత్రికల్లో బొమ్మలు కత్తిరించి, చార్టు కాగితం మీద మైదా జిగురుతో అంటించి, పోస్టర్ రంగులతో పేరు రాసి, డబ్బా మీది ప్లాస్టిక్ తొడుగులోకి దూర్చేదాన్ని. మా అంగడి ప్రొద్దుటూరులో. వెనక రెండు గదుల్లో మా కాపురం. మా ఆయన గంగాధర్ కొన్ని క్యాసెట్లను లూనా మీద వేసుకుని జమ్మలమడుగు, పులివెందుల అంగళ్లకు చేరవేసేవాడు.

ఒకే సినిమాకు మూడు ఊళ్లకూ మూడు అట్టలు కావాలి. ప్రొద్దుటూరులో రక్తం ఉండాలి. పగలంతా బంగారు అంగళ్లలో త్రాసుల ముందు ఒద్దికగా కూర్చునే మనుషులు, సాయంత్రం వచ్చి హీరో చేతిలో వేటకొడవలి ఉన్న అట్టనే ఎంచుకునేవారు. పులివెందుల అంగడి గౌస్ మొహిద్దీన్‌కు హీరో ఒక్కడే పెద్దగా కనిపించాలి. పక్కన ఇంకో మగవాడి తల హీరో భుజం దాటకూడదు. "ఇద్దరూ సమానంగా ఉంటే ఆ ఇద్దరిలో ఎవరు గొప్పని మా అంగట్లోనే కొట్లాట మొదలవుతాది వదినా" అనేవాడు. జమ్మలమడుగు గఫూర్‌ది ఒకటే మాట. "కత్తి వద్దమ్మా. కత్తి బొమ్మ ఉంటే పల్లెల ఆడోళ్లు డబ్బా ముట్టుకోరు."

గఫూర్ అప్పుడప్పుడు కువైట్ నుంచి వచ్చిన క్యాసెట్లు తెచ్చి చూపించేవాడు. వాటి అట్టలు తళతళ మెరిసేవి. ఆడవాళ్ల మెడలకూ చేతులకూ నల్ల సిరా పూసి ఉండేది. "చూడమ్మా, ఆడ కత్తితో బాధల్యా. చెయ్యి కనపడగూడదంట" అని నవ్వేవాడు.

జమ్మలమడుగు అట్టల్లో నేను వేటకొడవలి ఉన్న చేతిని కత్తిరించి, అక్కడ ఇంకో పత్రికలోని చంటిబిడ్డను అంటించేదాన్ని. హీరో కళ్లు కోపంగా ఉన్నా, చంకలో బిడ్డ ఉండేసరికి ఆ కోపం వేరేగా కనిపించేది. అది అబద్ధమని నాకెప్పుడూ తోచలేదు. లోపలి సినిమా నేను చూస్తే కదా.

ఆ ఎండాకాలం పార్లమెంటు ఎన్నికలు వచ్చాయి. మూడు ఊళ్లూ ఒకే సీటు కిందివి. పోటీలో ఉన్న ఒక పెద్దాయన తన ఊరేగింపులన్నీ వీడియో తీయించి, ఆ క్యాసెట్లను ఊరూరా పంచాలనుకున్నాడు. గంగాధర్‌కు పని దొరికింది. భుజాన వీడియో కెమెరా, మెడలో ఫోటోల కెమెరా వేసుకుని పొద్దున్నే జీపెక్కితే, మళ్లీ బట్టలు మార్చుకోవడానికి ఏ రెండు రోజులకో వచ్చేవాడు. వచ్చినా చొక్కా గుండీలు పెట్టుకుంటూనే మాట్లాడేవాడు.

"తిన్న్యావా?" అని అడిగేదాన్ని.

"జీపులోనే తినేసినా."

ఆ రెండు మాటలతో మా సంసారం నడిచేది. మధ్యాహ్నాలు వీధిలో కుక్క కూడా కదిలేది కాదు. నేను అంగట్లో ఒక్కదాన్నే కూర్చుని గోడ నిండా నేను చేసిన మొహాలను చూస్తూ ఉండేదాన్ని. ఎవరైనా వచ్చి క్యాసెట్ అడిగితే, నా గొంతు నాకే కొత్తగా వినిపించేది.

మా పక్క గదిలోకి ఉగాది దాటాక సిద్దమ్మ దిగింది. కొండాపురం దగ్గరి పల్లె. ఎన్నికలొస్తే ఆ పల్లెల నుంచి ప్రొద్దుటూరుకు వచ్చి తలదాచుకునే కుటుంబాలు ఎప్పుడూ ఉండేవి. ఎందుకొచ్చారని వీధిలో ఎవరూ అడగరు. వెంట కొడుకు వెంకటేశు, ఇరవై దాటినవాడు. అంత పొడుగు మనిషి ఆ చిన్న గదిలో మోకాళ్లు ముడుచుకుని కూర్చుని ఉండేవాడు.

సిద్దమ్మ మా దగ్గర టీవీ, వీసీఆర్ అద్దెకు తీసుకుంది. "వాడు గడప దాటగూడదు. నువ్వేం చేస్తావో చెయ్యి మే నాగమ్మా, వానికి పొద్దుపోవల్ల" అంది. తరువాత గోడ వైపు చూసి, "కత్తి ల్యానిది ఒకటియ్యి" అంది.

జమ్మలమడుగుకు పంపాల్సిన వాటిలోంచి, చంకలో బిడ్డ ఉన్న అట్ట చూసి ఇచ్చాను.

మర్నాడు ఆమె ఆ డబ్బాను బల్ల మీద ఠపీమని పెట్టింది.

"ఏంది మే ఇది? అట్ట మీద బిడ్డనెత్తుకున్యాడు. లోపల చూస్తే మనిషిని తరిమి తరిమి నరుకుతాండాడు. మా పిల్లోడు రెప్ప వాల్చకుండా చూసినాడు. నేను లేసి పోయి వాకిట్లో కూచున్యా."

"నాకు తెల్దక్కా. నేను అట్టలే చేస్తా. సినిమాలు చూడను."

"చూడకుండానే బొమ్మ ఏస్తావా?"

ఆమె నా మొహం చూసి కొంచెం తగ్గింది. కొంగుతో బల్ల మీది జిగురు మరక తుడుస్తూ, "పోనీలే. ఇద్దరం చూసి, వానికి పనికొచ్చేది ఏరుదాం. ఈ ఎండలో నీకు మాత్రం ఏం పనుండాది" అంది.

అట్లా మొదలైంది. మధ్యాహ్నం అంగడి తలుపు ఓరగా వేసి, టీవీ ముందు చాప పరుచుకుని ఇద్దరం సినిమాలు చూసేవాళ్లం. కొట్లాట వచ్చినప్పుడల్లా సిద్దమ్మ బటన్ నొక్కి ముందుకు జరిపేది. బొమ్మలో మనుషులు గడగడా పరుగెత్తి, పడి, లేచి, మళ్లీ పరుగెత్తేవారు. అది చూసి ఇద్దరికీ నవ్వొచ్చేది. కొన్ని సినిమాల్లో ముందుకు జరపగా జరపగా ఒక పెళ్లి, రెండు పాటలు మిగిలేవి. "ఇంతేనా! దీనికా మూడు గంటలు!" అనేది. పెళ్లయి వచ్చాక ఆ ఇంట్లో నేను అంత గట్టిగా నవ్వింది ఆ మధ్యాహ్నాల్లోనే.

ఒకరోజు ముందుకు జరుపుతూ జరుపుతూ ఆమె చెయ్యి ఆగిపోయింది. టీవీలో ఏదో ఏటి ఇసుక, ఒక మనిషి పరుగెత్తుతున్నాడు.

"మా ఆయన గూడా పెన్నేట్లోనే పడిపాయ" అంది. "ఎర్రన్నంటే ఆ పక్క అందరికీ తెలుసు. ఈ పెద్దాయన జీపులెంటే తిరిగేవోడు. పోయిన ఎన్నికలప్పుడు అవతలోళ్లు కాపుకాసినారు."

"మరి పిల్లోడు?"

"నేను పోయి అవతలోళ్ల కాళ్లు పట్టుకున్యా. మా ఇంట్లోంచి ఇంగ ఎవరూ కత్తి పట్టరు, ఎవరెంటా తిరగరు అని చెప్పినా. పెద్దమనుషుల్లో వాళ్లూ మాటిచ్చినారు. వాడు ఏ జీపూ ఎక్కనంతవరకూ వానితో మాకు పనిల్యా అన్న్యారు." బటన్ మళ్లీ నొక్కింది. "అందుకే మే, ఈ గదీ, ఈ టీవీ."

వెంకటేశు తల్లి చెప్పినట్టే ఉన్నాడు చాలా రోజులు. రాత్రిళ్లు గదిలో అతను చూసేటప్పుడు కూడా ఆమె కొట్లాటలన్నీ బటన్ నొక్కి జరిపేసేది. ఎప్పుడైనా అంగట్లోకి వచ్చి అట్టలు తిప్పి చూసేవాడు. "అక్కా, సినిమాలన్నీ సగం సగమే వస్తాండాయి. కొట్లాటలు యాడికి పోతాండాయి?" అని అడిగేవాడు. తల్లి అటు తిరిగి నవ్వు ఆపుకునేది. అతను మాత్రం నవ్వేవాడు కాదు.

ఒకరోజు క్షవరం చేయించుకు వస్తానని చెప్పి వెళ్లాడు. వీధి చివర వాళ్ల పల్లెవాళ్లు కనిపించారని తరువాత తెలిసింది. రమ్మన్నారట. చీకటి పడే వేళకు దుమ్ము కొట్టుకుపోయి తిరిగొచ్చాడు. ఎక్కడికి పోయావంటే మొహం కడుక్కోవడానికి పెరట్లోకి పోయాడు. సిద్దమ్మ కూడా రెట్టించి అడగలేదు. ఆ పూట వాళ్ల గదిలోంచి గిన్నె చప్పుడు కూడా వినిపించలేదు.

తరువాత నాలుగు రోజులకు గంగాధర్ వచ్చాడు. మూడు క్యాసెట్లకు అట్టలు చేయాలన్నాడు. లోపలి బొమ్మ ఒకటే, పెద్దాయన ఊరేగింపు. అట్టలు మాత్రం ఊరికొకటి. ఈసారి చేత్తో అంటించేవి కావు, ప్రెస్సులో అచ్చు వేయించి వేలల్లో పంచేవి. ప్రొద్దుటూరు అట్ట మీద పెద్దాయన చేతులు జోడించి నవ్వుతూ ఉండాలి. పులివెందుల అట్ట మీద జీపుల వరుస ముందు ఒక్కడే నిలబడాలి.

"జమ్మలమడుగుకు?" అన్నాను.

అతను చేతిలోని ఫోటో స్టూడియో కవరును బల్ల మీద పెట్టాడు. నా వైపు చూడలేదు. "ఏజెంటు ఏరి ఇచ్చినాడు. ఈ ఫోటో పెద్దగా రావల్లంట." జమ్మలమడుగులో పెద్దాయన పనులు చూసే మనిషిని అందరూ ఏజెంటు అనే పిలిచేవారు. "రేపు పొద్దన ప్రెస్సుకు పోవల్ల" అని చెప్పి, రెండు వీసీఆర్లూ వెనక గదిలోకి పట్టుకుపోయి తలుపు వేసుకున్నాడు. తీసిన టేపులన్నీ కలిపి ఒక్క క్యాసెట్‌గా ఎక్కించాలి.

కవరు తెరిచాను. జీపు బానెట్ మీద వెంకటేశు. కొత్త క్షవరం. రెండు చేతులూ పైకెత్తి నోరారా నవ్వుతున్నాడు. అతని వెనక పెద్దాయన, అతని భుజం మీద చెయ్యి వేసి. ఫోటో వెనక ఏజెంటు కాబోలు పెన్నుతో రాశాడు, ఏ మాట వేయాలో: "ఎర్రన్న కొడుకు మావాడే."

ఆ అక్షరాలు రాయడానికి కుంచె తీసుకుని కూర్చున్నాను. రంగు ఎండిపోయింది. నీళ్లు కలిపాను. మళ్లీ ఎండిపోయింది.

మధ్యాహ్నం ఎప్పటిలాగే సిద్దమ్మ వచ్చింది. నేను దాచలేదు. దాచాలని చెయ్యి జరిగింది కానీ, అప్పటికే ఆమె చూసింది. ఫోటోను రెండు చేతులతో పట్టుకుని వెలుతురు వైపు తిప్పింది.

"మా పిల్లోడే!" అంది. "ఎంత బాగొచ్చినాడు మే. వాళ్ల నాయన పోయినాంక వీడు నవ్వింది నేను చూళ్లేదు."

చాలాసేపు చూసింది. వేలితో అతని జుట్టు సవరిస్తున్నట్టు కాగితాన్ని నిమిరింది. తరువాత ఫోటో కింద నేను గీసుకున్న కొలతలు, అక్షరాల గీతలు కనిపించాయి ఆమెకు. చదువు రాదు. కానీ అట్ట ఎట్లా ఉంటుందో అన్ని మధ్యాహ్నాలు నా పక్కన కూర్చుని చూసిందే.

"ఇది అట్టకా?"

తల ఊపాను.

"యాడికి పోతాది?"

"జమ్మలమడుగుకు. చుట్టూ పల్లెలకు."

ఆమె చాప మీద కూర్చుంది. గొంతు పెంచలేదు. "ఒక పొద్దు జీపెక్కినాడంటే, తెలియని పిల్లోడు, సావాసగాళ్లు పిలిస్తే ఎక్కినాడని మళ్లా పోయి కాళ్లు పట్టుకుంటా. ఇట్ల అచ్చేసి ఇంటింటికీ పంచితే, నేనేమని చెప్పేది మే?"

వెనక గదిలో టేపు తిరిగే చప్పుడు, మధ్యమధ్య జనం అరుపులు వినిపిస్తున్నాయి. గంగాధర్ తలుపు తీయలేదు.

నేను కవరు తీసి చూశాను. నెగెటివ్ కూడా అందులోనే ఉంది. ఫోటో అందులో పెట్టి, కవరును ఆమె చేతిలో పెట్టాను.

"నీకేం కాదా?" అంది.

"జిగురు ఒలికి పాడయిందని చెప్తా."

ఆమె కవరును రవికలో దోపుకుంది. ఆరోజు మేము సినిమా చూడలేదు. పోతూ పోతూ గడప దగ్గర నిలబడి, "జిగురులో ఇంగొంచెం నీళ్లు పొయ్యి. గట్టిగా ఉండాది" అంది. ఆమె నాతో అన్న చివరి మాట అదే.

జమ్మలమడుగు అట్ట మీద గండికోట బొమ్మ వేశాను. కింద పెన్న లోయ, పైన కోట గోడ, ఆకాశంలో పెద్దాయన పేరు. మనిషి మొహమే లేదు. గంగాధర్ సాయంత్రం బయటికి వచ్చి చూశాడు.

"ఫోటో యాడ?"

"ఇచ్చేసినా."

ఎవరికని అడగలేదు. "కోట ఓటేస్తాదా నాగమ్మా?" అన్నాడు. తరువాత, "ఇంగ మనకు ఈ పని ఉండదు. ఈ ఊర్లో ఏ పనీ ఉండదు. తెలిసే చేసినావా?" అన్నాడు. తెలిసే అన్నాను. అట్టలు మూడూ చుట్టి చంకలో పెట్టుకుని ప్రెస్సుకు వెళ్లిపోయాడు.

తెల్లవారి చూస్తే పక్క గదికి గొళ్లెం పెట్టి ఉంది. టీవీ, వీసీఆర్ మా వాకిట్లో గోనెపట్ట కప్పి పెట్టి ఉన్నాయి. ఏ ఊరు పోయారో వీధిలో ఎవరికీ చెప్పలేదు. నాకూ చెప్పలేదు. చెప్పకపోవడమే మంచిదని నాకు తెలుసు. తెలిసినా ఆ మధ్యాహ్నం చాప పరిచి, ఎదురుగా ఖాళీ టీవీ పెట్టుకుని కూర్చున్నాను.

క్యాసెట్లు పంచిన వారానికి ఏజెంటు వచ్చాడు. ఎండ అప్పుడే ముదురుతోంది. వెంట ఇంకో ఇద్దరు. గంగాధర్ అంగట్లోనే ఉన్నాడు. ఏజెంటు కోట బొమ్మ ఉన్న డబ్బాను బల్ల మీద పడేశాడు.

"ఇదేందిరా? ఎర్రన్న కొడుకు బొమ్మ యాడ?"

నేను జిగురు సంగతి చెప్పడానికి నోరు తెరిచాను. గంగాధర్ నాకంటే ముందే అన్నాడు. "నేనే పోగొట్టినాప్పా. జీపులో యాడో పడిపాయ."

"పడిపాయనా?" ఏజెంటు దగ్గరికి వచ్చాడు. "అట్ట మీదా ల్యా, లోపలా ల్యా. దేనికిరా నిన్ను పెట్టుకునింది?"

కొట్టిన చప్పుడుకు ఎదురుగా టీ అంగట్లో మనుషులు లేచి నిలబడ్డారు. గంగాధర్ చెంప పట్టుకోలేదు. చేతులు కిందికి వేలాడేసుకుని అట్లాగే నిలబడ్డాడు. "తప్పయింది" అన్నాడు. వాళ్లు కెమెరాలు రెండూ తీసుకుని జీపెక్కారు. టీ అంగట్లో వాళ్లు మళ్లీ కూర్చున్నారు.

నేను నీళ్లు తెచ్చాను. అతను తాగి, గ్లాసు నా చేతికి ఇవ్వకుండా బల్ల మీద పెట్టాడు. "నేనే చెప్పింటే బాగుండు" అన్నాను. "గమ్మునుండు" అన్నాడు. కోపంగా కాదు. అలసిపోయి.

ఓట్లు పడ్డాయి. పెద్దాయన ఓడిపోయాడు. గంగాధర్ పగలు బయటికి పోవడం మానేశాడు. టీ అంగడి ముందు నుంచి నడవాల్సి వస్తుందని వెనక సందులోంచి తిరిగేవాడు. ఒకరోజు, అనంతపురంలో పెళ్లిళ్ల వీడియోలు తీసే స్టూడియోలో మనిషి కావాలంటున్నారని చెప్పాడు. నేనూ వస్తానన్నాను. "అంగడి ఎవరు చూస్తారు?" అన్నాడు. సంచి సర్దుకుని బస్సెక్కాడు.

ఆ నెలంతా నేనొక్కదాన్నే. జమ్మలమడుగు నుంచి గఫూర్ బస్సు మీద వచ్చి తన సరుకు తనే తీసుకుపోయేవాడు. ఒకసారి పంచగా మిగిలిన ఎన్నికల క్యాసెట్లను గోనెసంచిలో వేసుకొచ్చాడు. "ఇంగ వీటితో ఏం పనమ్మా. టేపు మంచిది. సినిమాలు ఎక్కించుకో" అన్నాడు. పోతూ, గొంతు తగ్గించి, "ఎర్రన్న కొడుకు బళ్లారి పక్క లారీల మీద ఉండాడంట. మా వోడొకడు చూసినాడు. బాగుండాడంట" అన్నాడు. నేను విననట్టే తల దించుకుని, లోపలికి పోయి ముఖం కడుక్కుని వచ్చాను.

చెరిపేముందు టేపు బాగుందో లేదో చూడాలి. ఒకటి తీసి వీసీఆర్‌లో పెట్టాను. అప్పటిదాకా అట్టలు చేశాను కానీ ఆ క్యాసెట్ నేను చూడనే లేదు. మైలవరం దారిలో జీపులు. డప్పులు. పూలు. జమ్మలమడుగులోకి ఊరేగింపు వచ్చేసరికి ముందుకు వంగి కూర్చున్నాను. ఫోటో తీసింది అక్కడే. బానెట్ మీద నవ్వుతున్న వెంకటేశు ఇప్పుడు కనిపించాలి. జీపు మలుపు తిరిగింది. తెర మీద ఒక్క క్షణం నీలిరంగు వచ్చింది. తరువాత జీపు పాత బస్టాండు దగ్గర ఉంది. బానెట్ మీద ఎవరూ లేరు.

వెనక్కి తిప్పి మళ్లీ చూశాను. మలుపు, నీలిరంగు, బస్టాండు. ఇంకో క్యాసెట్ పెట్టాను. అందులోనూ అంతే. వెంకటేశు ఉన్నంత మేరా గంగాధర్ తీసేశాడు. నేను కుంచె పట్టుకుని కూర్చున్న ఆ మధ్యాహ్నమే, తలుపు వేసుకుని తీసేశాడు. సిద్దమ్మ ఏడవకుండా నన్ను అడిగిన మాటలు తలుపు అవతల విన్నాక తీశాడో, అంతకుముందే తీసేశాడో నాకు తెలియదు. అట్ట మీద బొమ్మ లేనందుకే ఆ దెబ్బ అనుకున్నాను ఇన్నాళ్లూ. "లోపలా ల్యా" అని ఏజెంటు అన్నది నా చెవిన పడింది కానీ, మనసున పడలేదు.

తొలకరి వానలకు గంగాధర్ ఒకపూట ఇంటికొచ్చాడు. కొంచెం చిక్కాడు. అన్నం పెట్టాను. తిని పెరట్లో చేతులు కడుక్కుంటూ ఉన్నాడు.

"ఆ క్యాసెట్ చూసినా" అన్నాను.

చెంబులోంచి పడే నీళ్లు ఒక్కసారి ఆగాయి. "ఏ క్యాసెట్?"

"ఎన్నికలది."

అతను చెంబు వంచి మిగిలిన నీళ్లు కూడా పోసుకున్నాడు. తువ్వాలు తీసుకుని వేళ్లు ఒక్కొక్కటే తుడుచుకున్నాడు. ఏమైనా అంటాడేమోనని నేను తలుపు పట్టుకుని నిలబడ్డాను.

"టేపు బాగుండాదా?" అన్నాడు.

"బాగుండాది."

"అయితే పారేయొద్దు" అన్నాడు. మూడు గంటల బస్సుకు గొడుగు వేసుకుని వెనక సందులోంచి వెళ్లాడు. మలుపు దగ్గర వెనక్కి తిరిగి చూస్తాడని వానలోనే నిలబడ్డాను. తిరగలేదు. అంగట్లోకి వచ్చి తలుపులు బార్లా తీశాను. ఆ వానకు క్యాసెట్ల కోసం ఎవరూ రాలేదు.